బ్రాకెట్‌లో రాసిన నడక

జూన్ 8
స్కిట్ పంపేశాను. పేరు 'లిఫ్ట్'. హైదరాబాద్ అపార్ట్‌మెంట్‌లో కుక్కపిల్ల లిఫ్టులో పైకి పోతుంది, పనిమనిషి ఆరు అంతస్తులు మెట్లెక్కుతుంది. ఆలస్యమైందని పైన మేడమ్ అరుపులు. అంతా నన్ను కన్న అవ్వ చెప్పిందే — పదకొండేళ్లు అక్కడ గిన్నెలు తోమి నన్ను డిగ్రీ దాకా చదివించింది. వేషం వేసేవాళ్లకు తెలియాలని బ్రాకెట్‌లో ఒక్క మాట చేర్చాను: మోకాళ్లు అరిగిపోయాయి, కుడివైపు ఒరిగి నడుస్తుంది.

జూన్ 12
ఓకే అయింది! టీవీ షోకి స్కిట్లు ఎంపిక చేసే కిరణ్ సార్ ఫోన్ చేశాడు. "ఫస్ట్ స్కిట్టే కొట్టినవ్ పో!"
అవ్వ బీడీలు చుడుతున్న చాట పక్కన పెట్టింది. "గా మేడమ్ గూడ సూస్తదా బిడ్డా?"

జూన్ 21
స్కిట్ టీవీలో వచ్చింది. గల్లీ ఆడవాళ్లంతా మా ఇంట్లోనే.
మేడమ్ లేదు. కుక్క లేదు. చీర కట్టిన మగవాడు ఒరిగి ఒరిగి నడిచాడు. పడ్డాడు, లేచాడు, మళ్లీ నడిచాడు... జడ్జీలు కళ్లు తుడుచుకుంటూ నవ్వారు.
పక్కింటి లచ్చవ్వ — "ఓ ఎల్లవ్వా, అచ్చం నీ లెక్కనే నడుస్తుండు గాడు!"
అందరూ నవ్వారు. అవ్వ కూడా.

జూన్ 22
చుట్టిన బీడీలు ఇవ్వడానికి అవ్వ కార్ఖానాకు పోలేదు. "నువ్వే ఇచ్చి రా బిడ్డా."

జూన్ 24
ఈ రోజూ నేనే. అవ్వ గడప దాటడం లేదు.

జూన్ 25
అన్నం తింటూ అడిగింది. "నేనెట్ల నడుస్తనో గాళ్లకెట్ల ఎర్క?"
అక్షరం రాని మనిషి. అబద్ధం చెప్పొచ్చు...
"నేనే రాసిన అవ్వా. నీ కష్టం తెల్వాలని —"
"రాసినవా."
చెయ్యి కడుక్కుంది.

జూన్ 29
కిరణ్ సార్ ఫోన్. "ఆ నడక క్లిక్ అయింది. వారం వారం కావాలె. ఈసారి నీ పేరు గూడ ఏస్తం."
మేడమ్‌ను ఎందుకు తీసేశారని అడిగాను.
"మన షో చూసేది గా మేడమ్‌లేనమ్మా."
రేపటికల్లా చెప్పాలట.

జూన్ 30
రాయనని చెప్పబోయాను. అవ్వ ఫోన్ గుంజుకుంది.
"టీవీల నీ పేరు రావాలె. గందుకే గాదా నేను మెట్లెక్కింది? రాయి."
లేచింది. తలుపు దగ్గర నుంచి పొయ్యి దాకా నడిచింది. ఒరిగి — కావాలని ఇంకాస్త ఒరిగి.
"గిట్లనేనా? నవ్వొస్తుందా, సక్కగ సూసి చెప్పు."
నాకు చూడటం చేతకాలేదు.
మళ్లీ తలుపు దగ్గరికి పోయి నిలబడింది. నేను తలెత్తేదాకా నడవదట.