అప్పాయమ్మగారి వడియాలు

ఏవండీ,

అల్లిన లేసులు ఇచ్చేయడానికి ఏడున్నర బస్సుకి నరసాపురం వెళ్తున్నాను. సాయంత్రానికి వచ్చేస్తాను. అన్నం వండి ఉంచాను, పులుసు మాత్రం వేడి చేసుకోండి.

నిన్న మీ సీసా రాకెట్టు పడి పక్కింటి అప్పాయమ్మగారి వడియాలన్నీ మట్టిపాలయ్యాయి కదా. మన వడియాలు డబ్బాలో పోసి పెట్టాను, మీరే ఇచ్చి రండి. ఆవిడ నాలుగు మాటలంటే పడండి. ‘నేను కాదు’ అని మళ్ళీ వాదించకండి.

ఇవాళైనా డాబా మీద ఆ కూల్‌డ్రింకు సీసా ముట్టుకోకండి. నెల్రోజులుగా ఆ నీళ్ళు తుడిచి తుడిచి నా నడుం పడిపోయింది. కాలవ కింద సేద్యం చేసే మనిషి కదా, నీళ్ళు ఎంత పోస్తే అంత మేలనుకుంటారు. సీసా నిండా పోస్తే సైకిలు పంపుతో కొట్టిన గాలికి చోటేదండీ? ఆ గాలి నీళ్ళని కిందకి తన్నితేనే కదా సీసా పైకి లేచేది. అంతగా ఎగరేయాలనిపిస్తే మూడోవంతు పోయండి, చాలు.

ఇంకోమాట. నిన్న మీరు చేలో ఉండగా నేనే మూడోవంతు పోసి పంపు కొట్టాను. కొబ్బరిచెట్టు దాటి వెళ్ళింది. వడియాల మీద పడింది అదే. రాత్రే చెబుదామనుకున్నాను. మీకు నెల్రోజులుగా లేవనిది నాకు లేచిందని ఏ మొహం పెట్టుకుని చెప్పను?