పద్మ పేరు కూడా

కె.ఆర్.పురం,
బెంగళూరు.

అక్కకు తమ్ముడు రామచంద్ర నమస్కరించి రాస్తున్నాను. నువ్వూ, బావా, లలితా ఆరోగ్యంగా ఉన్నారని తలుస్తాను. బావ మోకాలి నొప్పి ఎలా ఉంది? కొత్త మందు పనిచేస్తోందో లేదో రాయి. ఇక్కడ శేఖర్, నేను బాగానే ఉన్నాం. నా గురించి దిగులు పెట్టుకోవద్దు.

పుంగనూరు ఇల్లు ఖాళీ చేసి వచ్చాక నీకు సరిగా ఉత్తరం రాయలేదు. మహదేవపురలో ఒక వర్క్‌షాపులో స్టోర్సు చూసే పని దొరికింది. బోల్టులు, బేరింగులు లెక్కచూసి ఇవ్వడమే. కష్టం లేదు. ఈ నెలంతా సన్నని ముసురు. ఉతికిన పంచె రెండు రోజులకు గాని ఆరడం లేదు. హోటలు సాంబారులో బెల్లం వేస్తారు, అందుకని వంట నేనే చేసుకుంటున్నాను. శేఖర్ పొద్దున్నే పోతే చీకటిపడ్డాక వస్తాడు. ఇద్దరం టీవీ పెట్టుకుని తింటాం. మాటలు తక్కువ. అయినా బాగానే ఉన్నాం.

అసలు సంగతి. పోయిన వారం హైకోర్టులో మన కేసు కొట్టివేశారు. నీకు ఇది సగం సగమే తెలుసు, కాబట్టి కొంచెం వివరంగా రాస్తాను.

హేమ వేధింపుల కేసు పెట్టిన రోజు పద్మ ఇక్కడ శేఖర్ ఇంట్లో ఉంది. కొడుకూ కోడళ్ల గొడవ సర్దిచెప్పడానికి తనంతట తనే బస్సెక్కి వచ్చింది. శేఖర్‌లో తప్పు లేదని నేను అనడం లేదు. హేమ మీద చేయి చేసుకున్నాడు. కానీ స్టేషన్లో ఇంట్లో ఎవరెవరున్నారని అడిగారు. హేమ మేనమామ అందరి పేర్లూ చెప్పాడు. శేఖర్ మొదటి ముద్దాయి, పుంగనూరులో ఉన్న నేను రెండో ముద్దాయి, సర్దిచెప్పడానికి వచ్చిన పద్మ మూడో ముద్దాయి.

తర్వాత పెద్దవాళ్లు కూర్చుని రాజీ చేశారు. ఎవరి సామాన్లు వాళ్లకు చేరాయి. ఫ్యామిలీ కోర్టులో విడాకులూ అయ్యాయి. అంతటితో అయిపోతుందనుకున్నాం. ఇరుపక్షాలూ రాజీపడినా ఈ రకం కేసును కింది కోర్టులో వెనక్కి తీసుకోవడానికి వీల్లేదట. హైకోర్టుకు వెళ్లి అడగాలి. రాజీ కాగితం మీద సంతకం పెట్టిన రోజు పద్మ, "అయితే నా పేరు పోయినట్టేనా?" అని అడిగింది. ఇంకా లేదన్నాను. ఆ తర్వాత ఎప్పుడూ అడగలేదు. హైకోర్టులో మా వంతు రాకముందే పోయింది.

మా లాయరు ఇక్కడ తరాలుగా ఉన్న తెలుగువాడు. మంచివాడే. తీర్పుకు ముందు పద్మ సంగతి ఏమిటని అడిగితే నవ్వాడు.

"పోయినోళ్ల మీద కేసు యాడుంటాదప్పా? ఆయమ్మ పోయిన దినమే అది ముగిసిపోయి ఉండాది."

"ముగియడం కాదు సార్. మాతోపాటు ఆమెను కూడా తప్పించినట్టు రాయించండి."

"ఏమని రాయిస్తామప్పా? జడ్జి నన్ను చూసి నగుతాడు. మీరిద్దరూ బయటపడతా ఉండారు, సంతోషంగా ఇంటికి పోయి దీపం పెట్టుకోండి."

నమస్కారం పెట్టి వచ్చేశాను.

కోర్టులో జడ్జి హేమను ముందుకు పిలిచి, ఎవరి బలవంతమూ లేకుండానే ఒప్పుకుంటున్నావా అని కన్నడంలో అడిగారు. అవునంది. అక్కడితో ఆమె పని అయిపోయింది. లాయర్లు కాగితాలు సర్దుకుంటున్నారు. హేమ కదల్లేదు.

"మా అత్తగారి పేరు కూడా తీసేయండి సార్. ఆమె నన్నేమీ అనలేదు. నా తరఫున కొడుకును తిట్టింది."

"ఆమె లేరు కదమ్మా. ఆమె మీద కేసు ఎప్పుడో ముగిసింది."

"లేరు సార్. అయినా."

జడ్జి విన్నానన్నట్టు తల ఊపారు. తర్వాతి కేసు పిలిచారు.

తీర్పు నకలు వచ్చింది. శేఖర్ మీదా నా మీదా కేసు కొట్టివేసినట్టు ఉంది. పద్మ పేరు పక్కన, మరణించినందున ముగిసినది అని ఉంది. హేమ మాట అందులో లేదు. అక్కడ ఉన్నవాళ్లం విన్నాం, అంతే. అందుకే నీకు రాస్తున్నాను.

బయట వరండాలో హేమ నా దగ్గరికి వచ్చింది. శేఖర్ పక్కకు జరిగాడు.

"అన్నం తింటిరా మామా?"

తిన్నానన్నాను. తినలేదు.

"అత్తమ్మ సంవత్సరీకం ఎప్పుడు?"

వచ్చే నెలలో అన్నాను.

"నేను రాగూడదు గదా."

బస్సుకు టైమవుతోందని ఆమే వెళ్లిపోయింది.

అక్కా, లలిత పెళ్లికి పసుపు దంచిన రోజు సంగతి నాకు తెలుసు. ముత్తైదువలంతా రోలు చుట్టూ నిలబడినప్పుడు పద్మ కూడా రోకలికి చేయి చాపింది. నువ్వు, "వద్దు పద్మా, వియ్యపోళ్లు చూస్తా ఉండారు, కోర్టుకు తిరిగే మనిషంటారు, నువ్వట్లా కూచో" అన్నావట. ఇంటికొచ్చి నాకు ఆ ఒక్క మాటే చెప్పి, దొడ్లోకి వెళ్లి బట్టలుతికింది. ఆ తర్వాత ఎవరు బొట్టు పెట్టి పేరంటానికి పిలిచినా తలనొప్పి అనేది. నిన్ను తప్పుపట్టడానికి రాయడం లేదు. పెళ్లింట్లో నీ ఇబ్బంది నాకు తెలుసు. పద్మ కూడా నిన్ను ఎప్పుడూ ఏమీ అనలేదు.

సంవత్సరీకం ఇక్కడే పెడుతున్నాను. ముత్తైదువగా పోయిన మనిషి కాబట్టి ఆ రోజు ఒక ముత్తైదువను పీట మీద కూర్చోబెట్టి, పసుపూ కుంకుమా చీరా ఇచ్చి భోజనం పెట్టాలి. ఆడబిడ్డ కూర్చుంటే మరీ మంచిదని అయ్యవారు చెప్పారు. నువ్వు వచ్చి కూర్చో. చీర కొన్నాను. ఆకుపచ్చది, పద్మ కట్టే రంగు. మదనపల్లె బస్సు కె.ఆర్.పురం వంతెన దగ్గర ఆగుతుంది. నేను వచ్చి నిలబడతాను. వీలైతే లలితను కూడా తీసుకురా. కొంచెం ఊరమిరపకాయలు తెస్తే శేఖర్ తింటాడు.

ఆ రోజు మనవాళ్లు కొందరు వస్తారు. హేమ కోర్టులో అన్న మాట వాళ్లకు నువ్వే చెప్పాలి. నేను చెబితే మొగుడు కాబట్టి చెబుతున్నాడనుకుంటారు.

బావకు నా నమస్కారాలు. లలితకు, అల్లుడికి దీవెనలు. నీ ఆశీస్సు శేఖర్‌కు కావాలి. వాడు అడగడు, నేను అడుగుతున్నాను.

వస్తావో రావో ఒక కార్డు రాయి. ఆ పీటకు ఇంకెవరినీ పిలవలేదు.

ఇట్లు,
నీ తమ్ముడు
రామచంద్ర