బంగారు జుట్టామెకు జ్వరం

బిడ్డా సుశీలా,

నువ్వు పోయి ఏడాదైంది. బోధన్ లైబ్రరీ నుంచి తెచ్చి నువ్వు సగం చదివి వినిపించిన నవల, అదే బంగారు జుట్టు దొరసాని కథ, మిగతాది ఈరోజు పక్కింటి లక్ష్మి చదివింది. మేమంతా బీడీలు చుడుతూ విన్నాం.

"నూనె పెట్టెటోళ్లు లేక జుట్టు గట్లయింది, పాపం" అని మాతో బీడీలు చుట్టే రాజవ్వ ఇప్పటికీ అంటుంది. నువ్వుంటే నవ్వేదానివి.

కథలో ఆమెకూ నీలాగే విషజ్వరం వచ్చింది. లక్ష్మి చదవడం ఆపి నా దిక్కు చూసింది.

"మూసెయ్యవే, సుశీల తల్లి ముంగట ఎందుకు సదువుతవ్?" అని కసిరింది రాజవ్వ.

"సదువు బిడ్డా, గా పిల్లకేమైతదో" అన్నాను. నా చేతిలో బీడీ ఆకు చిరిగింది.

ఆమె బతికింది సుశీలా. లేచి కూర్చుని వాళ్లమ్మను పిలిచింది. నాకు ఈర్ష్య కలగలేదు. ఆ తల్లి కడుపు చల్లగుండాలని మొక్కుకున్నాను.