నెత్తళ్ల సంచీ

అమ్మా,

నువ్వు పోయిన ఏడాదికి ఎండు నెత్తళ్లు మళ్లీ ఈ చిలకలగూడ ఇంట్లోకి వచ్చాయి. తెచ్చింది మేడమీది ఓనరమ్మ కూతురు. ఆ పిల్లది సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. ఆఫీసువాళ్లు విశాఖ తీసుకెళ్లి, మన హార్బర్లో పడవ మీద తిప్పుతూ, మన పేట ఆడవాళ్ల చేత వండించి పెట్టారట. ఫోటోలు చూపించింది. నువ్వు చేపలు ఎండబెట్టిన ఇసుకలో ఇప్పుడు రంగు గొడుగులు, కుర్చీలు వేశారు.

"మీది అక్కడనే గదా ఆంటీ, జెర వండిపెట్టుండ్రి," అంది.

తలలు గిల్లి, వేణ్ణీళ్లలో కడిగి, నీలాగే వంకాయతో వండాను. వాసనకి ఓనరమ్మ కూడా కిందికి వచ్చింది. నువ్వు మా ఇంటికి వచ్చినప్పుడు కూడా వాసనకే వచ్చింది, గుర్తుందా? "ఏందీ కంపు? గిట్లయితే ఇల్లు ఖాళీ చెయ్యాలె," అంది. రైల్లో ఒళ్లో పెట్టుకుని నువ్వు తెచ్చిన సంచీని నీ కళ్లముందే చెత్తకుండీలో పడేశాను. "పోన్లేవే, మరి తేను," అన్నావు. మర్నాడే రైలెక్కావు. మళ్లీ రాలేదు.

ఇవాళ ఆవిడ రెండోసారి వడ్డించుకుంటూ, "గింత మంచిగ ఎవరు నేర్పిండ్రు?" అని అడిగింది.

"మా అమ్మ."

"ఒక్కసారన్న తీస్కరాకపోతివి మీ అమ్మను."

ఆవిడకి నువ్వు గుర్తే లేవు. ఆవిడ వల్లే నువ్వు మళ్లీ రాలేదని అనబోయాను. ఆ సంచీ పారెయ్యమని ఆవిడ అనలేదమ్మా. అది నేను చేసిన పని.