మామయ్య నాలుగువందల పన్నెండో లెవెల్

ప్రభుకిరణ్ గారూ,

నేను ఒంగోలు బస్సుకు వెళ్తున్నాను. లేవగానే ట్యాబ్‌లో మామయ్య ఆడుకునే పండ్ల ఆట మళ్ళీ ఎక్కించండి. తెరవగానే "కొత్త ఆట" అని వస్తుంది. దాన్ని నొక్కారంటే ఊరుకోను. "పాత ఆట తెచ్చుకో" అన్నది నొక్కి నా మెయిల్ ఇవ్వండి. మీ చేతుల సంగతి తెలుసు కాబట్టే పోయిన నెలలో బ్యాకప్ పెట్టాను.

క్రికెట్ చూడ్డానికి చోటు చాలడం లేదని నిన్న ట్యాబ్ మొత్తం తుడిచేశారు. పక్షవాతంతో పడిపోయిన ఆయన కుడిచెయ్యి ఆ ఆటతోనే కదిలింది. మొదట్లో వేలు నిలవక ఏడ్చిన మనిషి, ఏడాదిన్నర పాటు ఒక్కో పండూ జరుపుకుంటూ అంతదూరం వచ్చారు. మీరేమో "పోతే పోయిందిలే నాన్నా, ఆటేగా" అన్నారు. అప్పట్నుంచి ఆయన అన్నం ముట్టలేదు. మిరపచేలో ముప్పైమంది కూలీలకు వినపడేలా కేకేసిన మనిషి ఆ ఖాళీ ట్యాబ్ ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నారు.

నాకు ఫోన్ చేయకండి, ఎత్తను.

ఎస్తేరు

పాస్‌వర్డ్ అడుగుతుంది. కాగితం మీద రాసి మామయ్య చేతికే ఇచ్చాను. వెళ్ళి తప్పయిందని చెప్పి అడగండి. ఇవ్వాలా వద్దా అన్నది ఆయన ఇష్టం.