పక్కింటికి పోస్టులో ఉత్తరం

బర్న్‌లీ, ఇంగ్లండ్,
ఫిబ్రవరి 9, మంగళవారం.

పన్నెండో నంబరు ఇంటి ఆల్వెన్ ప్రిచర్డ్ గారికి, పదో నంబరు ఈడ్నా క్లెగ్ నమస్కరించి రాస్తున్నది. ఇక్కడ నేను క్షేమం. మీరూ క్షేమమే అనుకుంటాను, పొద్దున గోడ అవతల మీ దగ్గు కాస్త తగ్గినట్టు వినిపించింది.

పక్కింటికి స్టాంపు అంటించి పంపడమేమిటి, ఈ ముసలిదానికి మతి పోయిందా అని నవ్వుకుంటారేమో. నవ్వండి. మీ తలుపు సందులోంచి వేద్దామని రెండుసార్లు గుమ్మం దాకా వచ్చాను. కిటికీ తెర కదిలేసరికి వెనక్కి పరుగెత్తాను. డెబ్బై ఆరేళ్లదాన్ని!

నవంబరులో బస్టాపు దగ్గర వాన గురించి పది నిమిషాలు మాట్లాడుకున్నాక, ఒకరోజు టీకి రండి అన్నాను. ఇక్కడ ఆ మాట అందరం అంటాం, ఎవరూ రారు. మా ఆయన హెరాల్డ్ బతికుండగా సగం ఊరిని పిలిచి ఉంటాను. మీరు వేల్స్ మనిషి, నిజమనుకున్నారు. ఆ వారం గురువారమే కేకు చేసుకుని వచ్చారు. నేనేమో పళ్ల డాక్టరు దగ్గరికి వెళ్లాను. మీరు వానలో నిలబడ్డారని ఎదురింటి మ్యూరియల్ చెప్పింది. మనిషిని పిలిచి ఇంటికి తాళం వేసుకుంటావా, ఇదేం మర్యాదే తల్లీ అని నన్ను దులిపేసింది కూడా.

అప్పటినుంచి మీరు ఎదురుపడితే గుడ్ మార్నింగ్ అని దాటిపోతున్నారు. మీ తప్పేం లేదు. కానీ ఆల్వెన్ గారూ, ఈ మూడు నెలల్లో నన్ను పేరు పెట్టి పిలిచింది మందుల షాపు అమ్మాయి ఒక్కతే, అదీ చీటీ చూసి. ఒంటరితనం భరించలేకపోతున్నాను. ఈ మాట ఒప్పుకోవడానికి నాకు ఇన్నేళ్లు పట్టింది.

ఈ గురువారం నాలుగింటికి టీకి రండి. ఈసారి మాటవరసకు అనడం లేదు. రొట్టె, వెన్న, జామ్ ఉంటాయి. మీరు రాకపోతే మళ్లీ అడిగే ధైర్యం నాకు లేదు.

మీ పొరుగు,
ఈడ్నా క్లెగ్

తా.క. పళ్ల డాక్టరు మాట అబద్ధం. ఆ రోజు నేను తలుపు వెనకే ఉన్నాను. హెరాల్డ్ పోయిన ఐదేళ్లలో మా ఇంట్లో ఎవరూ అడుగుపెట్టలేదు. కుర్చీల నిండా ఆయన బట్టలు, పాత పేపర్లు. సిగ్గేసి ఊపిరి బిగబట్టి నిలబడ్డాను. అప్పుడే టీ నీళ్లు మరిగి ఆ పాడు కెటిల్ ఈల వేసింది. మీరు విన్నారు. విని కూడా, పరవాలేదులే ఈడ్నా అని మూసిన తలుపుతో చెప్పి వెళ్లిపోయారు. నిన్న మీ కోసం ఒక కుర్చీ ఖాళీ చేశాను.