మూత వేయని కూత

తల్లీ నికనోరా,

నీ పెళ్ళినాడు వియ్యంకుల ముందు "మా నాన్న పాటగాడు" అన్నావు. ఏడేళ్ళయింది. ఆ మాట ఇంకా నా గొంతులో చేపముల్లులాగే ఉంది. నేను ఏనాడైనా ఎవరి పెళ్ళిలోనైనా పాడానా? ఏరు సముద్రంలో కలిసే ఏటిమొగ దగ్గర పడవ మీదికి అల లేచినప్పుడు రాతిమీద నిలబడి కూత వేస్తాను. నా ఊపిరి ఉన్నంతసేపు ఆ అల లేచింది లేచినట్టే ఆగుతుంది, పడవ దాని కిందనుంచి ఏట్లోకి వచ్చేస్తుంది. కాలాన్ని పట్టి నిలిపేవాణ్ణి పాటగాడంటారా? నాకంటే ముందు మా నాన్న చేసిన పని ఇది. చెప్పుకోడానికి సిగ్గెందుకు?

ఇది అడుగుదామనే కాగితం తెప్పించాను. ఇంతలో నిన్న లాంచీ నడిపే విల్ఫ్రిదో వచ్చి, కొబ్బరిపాలలో వండిన చేప తింటూ అన్నాడు:

"ముసలాయనా, నీ కూతురు వాళ్ళ పట్నంలో, బ్వెనావెంతురా రేవులో కూత వేసింది."

"కోతలు కొయ్యకు. దానికి నేను నేర్పందే!"

"చుక్కాని నా చేతిలోనే ఉందయ్యా. ఓ పాప మెట్లమీంచి జారి లాంచీకీ గట్టుకీ మధ్య పడింది. లాంచీ నావల్ల ఆగలేదు. నీ కూతురు చేపలబుట్ట కింద పడేసి నోరు తెరిచింది. లాంచీ ఉన్నచోటే ఆగిపోయింది. ఎవరో పాపని పైకి లాగారు."

పక్కింటి తోరిబియోని కేకేసి అదంతా మళ్ళీ చెప్పించాను. "గోడచాటున విని నేర్చేసిందిరా బావా! నీ గొంతే, నీ పొగరే!" అని వాడు ఒకటే నవ్వు. ఊరంతా తిరిగి చెప్పాను. అడగనివాళ్ళకి కూడా చెప్పాను.

తిరిగొచ్చాక విల్ఫ్రిదో మిగతాది చెప్పాడు. నువ్వు పడిపోయావట. ముక్కునుంచి రక్తం కారిందట. చాలాసేపు ఊపిరి అందలేదట.

ఎందుకో నాకు తెలుసు. నీకు పట్టడం వచ్చింది, వదలడం రాలేదు. కూత చివర మూత వేయాలి. పట్టిన కాలాన్ని మెల్లగా దించేది అదే. పెదవుల లోపలే వేస్తాం, చాటున ఉన్నవాళ్ళకి వినపడదు. మూత వేయకపోతే కాలం మన ఊపిరినే పట్టుకుంటుంది. మా తమ్ముడూ నీలాగే చాటున నేర్చాడు. రెండోసారి కూత వేసి, తెరిచిన నోరు తెరిచినట్టే పోయాడు.

మూత రాసి పంపేది కాదు. చెవికి నోరు ఆనించి ఇవ్వాలి, అదీ ఒక్కరికే. ఇచ్చాక నాకిక కూత ఉండదు. సాన్ హువాన్ పండుగకల్లా తోరిబియో కూతురు బసిలిసాకి ఇస్తానని ఊరికి మాటిచ్చాను. ఇప్పుడు ఆ పిల్లనే అడిగాను.

"నికనోరాకి ప్రాణం మీదికొచ్చింది, దానికే ఇయ్యి మామా. కానీ రాయి ఖాళీగా ఉంటే మా పడవలేం కావాలి?" అంది.

న్యాయమే. మూత తీసుకుంటే రాతిమీద నువ్వే నిలబడాలి. మొగుణ్ణీ పిల్లల్నీ తీసుకుని రా. ఇల్లుంది, ఏరుంది. రానంటావా, ఇంక కూతకి నోరు తెరవనని ఒట్టేసి జాబు రాయి. కానీ ఇంకో పాప జారితే ఆ ఒట్టు నిలబడదని నాకు తెలుసు. నా కూతురివి కదా, ఊరుకోవు.

బతిమాలడం నాకు రాదు. సాన్ హువాన్ పండుగకి ముందురోజు పొద్దు గూకేదాకా మన ఊరి రేవులో కూర్చుంటాను. పొద్దు గూకాక మూత బసిలిసాది. వస్తావో రావో ఆలోపు చెప్పు.

మీ నాన్న,
ఎలియుతేరియో